ఈశాన్యం మూల రాయి

యెహోషువకు పొద్దున్నే ప్రార్థన చేసుకునే అలవాటు ఉంది. దానికంటే ముందు ఇంకో అలవాటు ఉంది. వాకిట్లోకి వచ్చి, తూర్పుకు తిరిగి, తమ్ముడు కిషోర్ బాబు మిద్దెను ఒకసారి తేరిపార చూస్తాడు. రాత్రికి రాత్రి అది కూలిపోలేదని రూఢి చేసుకొని, ఒక నిట్టూర్పు విడిచి, అప్పుడు వేపపుల్ల నోట్లో పెట్టుకుంటాడు. అరవై ఆరేళ్ళ మనిషి. నలభై ఏళ్ళు ఉప్పు కొఠార్లలో మేస్త్రీగా మళ్ళకు తాళ్ళు పట్టి, గట్లు వేయించి, అరికాళ్ళు పగలగొట్టుకున్నవాడు. అబద్ధం ఆడడని మొగలిదిబ్బ ఊళ్ళో పేరు. చర్చిలో ముందు వరస కుర్చీ ఆయనదే. ఇన్ని ఉండీ, తమ్ముడి పేరు వినపడితే చాలు, కళ్ళలో నిప్పులు పోసుకునేవాడు.

ఆ అసూయకు ఒక హద్దూ అదుపూ లేదు. తమ్ముడి మిద్దెను చూసి ఏడ్చాడంటే అర్థం ఉంది. తమ్ముడి జుట్టు ఇంకా నల్లగా ఉందని ఏడ్చాడంటే, పోనీలే, మనిషన్నాక అనుకోవచ్చు. కానీ కిషోర్ బాబు గుండెకు స్టెంటు వేశారని తెలిసిన రోజు, ఊరంతా అయ్యో అంటుంటే, ఈయన భార్య రెబెక్కమ్మ దగ్గర కూర్చొని వాపోయాడు.

"చూసినావా? వాడికి జబ్బు చేసినా మెడ్రాసే. నాకు కడుపులో పుండు వస్తే నెల్లూరు దాటనీలా."

రెబెక్కమ్మ చేట పక్కన పెట్టి మొగుడి వైపు చూసింది. "అయితే ఏందయ్యా, నీకూ ఒక స్టెంటు ఇమ్మని ప్రార్థన చెయ్యమంటావా?"

శ్రీహరికోటలో రాకెట్టు ఎగిరిన రోజు మరీ కష్టం. దక్షిణం వైపు సరుగుడు తోపు అడ్డం కనుక నేల మీది నుంచి ఏమీ కనపడదు. కిషోర్ బాబు మిద్దె ఎక్కితే మాత్రం నిప్పు తోక దగ్గర నుంచి మబ్బులో కలిసేదాకా కనిపిస్తుంది. అందుకని ఊరంతా ఆ మిద్దె మీదికే చేరుతుంది. రెబెక్కమ్మ కూడా పోతుంది. యెహోషువ ఒక్కడే కింద నిలబడి, చప్పుడు విని, "ఆ, ఎగిరిందిలే" అనుకొని లోపలికి పోతాడు.

ఇక చేపల సంగతి. కిషోర్ బాబుది ఐసు డిపో. పడవలకు ఐసు పోసి, వాళ్ళ దగ్గరే చేపలు కొని, లారీలకు ఎక్కిస్తాడు. ప్రతి శనివారం అన్న ఇంటికి ఒక బుట్ట పంపిస్తాడు. చందువాలో, మాగ చేపలో, ఆ రోజు వచ్చినవాటిలో మేలైనవి. అన్న కూతురు పెళ్ళికి బుచ్చిరెడ్డిపాలెంలో కల్యాణ మండపం మాట్లాడింది కూడా అతనే. అన్న నిలబడి ఉంటే తాను కూర్చోడు. చర్చిలో అన్న ఎదురైతే తల వంచుకొని పక్కకు తప్పుకుంటాడు. ఇదంతా ఊరి మెప్పు కోసం ఆడే నాటకమని యెహోషువ నమ్మకం. "ఉండాదని చూపించుకోను పంపిస్తాండాడు" అని తిడుతూనే ముళ్ళు తీసుకొని తినేవాడు. తిట్టిన రోజు ఇంకో ముక్క ఎక్కువే తినేవాడని రెబెక్కమ్మ చెప్పేది.

ఈ మంటకు మొదలు ఎక్కడుందో ఆయనకు ఒక్కడికే తెలుసు.

తండ్రి లాజరస్ పోయేనాటికి కుటుంబానికి సుమారు రెండెకరాల భూమి ఉంది. పడమటి కొసన తియ్యనీళ్ళ బావి. సముద్రానికి కూతవేటు దూరంలో తియ్యనీళ్ళు పడటం అంటే మాటలు కాదు. తూర్పున చవిటి నేల, దాని పక్కన అరవై అడుగుల సర్కారు డొంక. పేరుకే డొంక, బండి నడిచి ఎన్నేళ్ళయిందో, కంప చెట్లు మూసేశాయి. ఆ డొంకకూ భూమికీ హద్దుగా రెండు సర్వే రాళ్ళు. ఒకటి ఆగ్నేయం మూల, ఒకటి ఈశాన్యం మూల.

ఆ ఊళ్ళో అన్నదమ్ముల పంపకానికి ఒక పద్ధతి ఉంది. పెద్దవాడు పంచాలి, చిన్నవాడు కోరుకోవాలి. పంచేవాడికి తన వంతుకు ఏది మిగులుతుందో తెలియదు కనుక చచ్చినట్టు సమంగా పంచుతాడని పాతకాలం పెద్దలు పెట్టిన కట్టుబాటు. ఆ పెద్దలకు యెహోషువ తెలియదు.

ఆయనకు బావి కావాలి. తమ్ముడు ముందు కోరుకుంటే బావి వైపే కోరుకుంటాడు, సందేహం లేదు. ఎలాగా అని వారం రోజులు ఆలోచించాడు. మంచి శుక్రవారం వచ్చింది. పన్నెండు గంటల నుంచి మూడింటి దాకా చర్చిలో, యేసు సిలువ మీద పలికిన ఏడు మాటల కూడిక. పసిపిల్ల దగ్గర నుంచి ముసలమ్మ దాకా పాలెం మొత్తం అక్కడే. యెహోషువ జ్వరమని ఇంట్లో ఉండిపోయాడు. గడ్డపారా, తాడూ తీసుకొని ఎండలో డొంక దగ్గరికి పోయాడు. మైకులో మూడో మాట మీద ప్రసంగం అయ్యేసరికి ఈశాన్యం రాయి పెకిలింది. ఏడో మాట మీద అయ్యగారు ప్రార్థన ముగించేసరికి అది ఇరవై అడుగులు తూర్పుకు నడిచి, డొంకలో కుదురుగా నిలబడింది. పైన పాత మట్టి చల్లి, ఎండుకంప లాగి, ఇంటికి వచ్చి దుప్పటి కప్పుకున్నాడు. అప్పుడు నిజంగానే జ్వరం వచ్చింది.

ఆ మూల ఇరవై అడుగులు జరిగేసరికి తూర్పు భాగం కాగితం మీద ఏడు సెంట్లు పెరిగింది. పెద్దమనుషుల ముందు యెహోషువ ఎంత ధర్మంగా మాట్లాడాడంటే, విన్నవాళ్ళు తలలు ఊపారు. "పడమర నూరు సెంట్లు, బావి ఉండాది. తూర్పున నూటేడు సెంట్లు, బావి లేదు. బావి లేనందుకు ఏడు సెంట్లు ఎక్కువ పెట్టినా. అబ్బయ్యా, నీకు ఏది ఇష్టమైతే అది కోరుకో."

ఇరవై నాలుగేళ్ళ కిషోర్ బాబు కాలి బొటనవేలితో నేల గీరాడు. తల ఎత్తకుండా, "తూర్పుది తీసుకుంటానన్నా" అన్నాడు. ఎర వేస్తే మింగాడు, ఆశపోతు వెధవ అని యెహోషువ లోలోపల నవ్వుకున్నాడు. నూటేడు, నూరు అని కాగితం రాశారు. ఇద్దరూ సంతకాలు పెట్టారు.

ఆ నవ్వు ఆరేళ్ళు నిలిచింది. ఏడో ఏడు హార్బరుకు దారి కావాలని సర్కారు వాళ్ళు డొంకలో కంప కొట్టించి, మధ్యన తారు రోడ్డు వేశారు. చవిటి నేల రోడ్డు పక్క స్థలం అయింది. కిషోర్ బాబు అక్కడ మొదట ఒక పాక వేశాడు, తర్వాత ఐసు డిపో కట్టాడు, తర్వాత మిద్దె లేపాడు. యెహోషువకు బావి మిగిలింది. ఇంటింటికీ కుళాయిలు వచ్చాక ఆ బావిలో నీళ్ళు తోడేవాళ్ళు కూడా లేరు. తాను మోసం చేసి అంటగట్టిన భూమే తమ్ముణ్ణి మిద్దె ఎక్కించింది. ఈ మాట ఎవరితో చెప్పుకోగలడు? ఇరవై నాలుగేళ్ళుగా దాన్ని మింగలేక, కక్కలేక తిరుగుతున్నాడు.

రెండు వానకాలాలుగా ఊళ్ళో ఇంకో గొడవ నడుస్తోంది. పాలెంలో నీళ్ళు పోయేందుకు పంచాయతీ వాళ్ళు రోడ్డు పక్కన మురుగు కాలువ తవ్వుకుంటూ వచ్చి, ఐసు డిపో మూల దగ్గర ఆగిపోయారు. డొంక హద్దు ప్రకారం కాలువ తిన్నగా పోవాలంటే డిపో ముందు భాగం పోవాలని కార్యదర్శి లెక్క. రాయి దాకా నా పట్టా భూమి, రాయికి అవతల ఎంతైనా తవ్వుకోండని కిషోర్ బాబు మాట. రాయికి అవతల తవ్వితే రోడ్డు తెగుతుంది. సర్వేయర్లు మూడుసార్లు వచ్చారు. బాణం గుర్తు ఉన్న సర్కారు రాయి కళ్ళెదుట ఉంటే ఇంక కొలిచేదేముందని దాన్నే పట్టుకొని కొలిచి, హద్దు సరిగ్గానే ఉందని పోయారు. వాన పడితే పాలెంలో మోకాలి లోతు నీళ్ళు. అయినా కిషోర్ బాబును ఎవరూ గట్టిగా అనలేకపోయారు. రాయి అతని వైపు ఉంది మరి.

యెహోషువ ఆ గొడవలో నోరు మెదపలేదు. ఆయన్ను కదిలించింది ఒక బస్సు కండక్టరు. ఒక రోజు నెల్లూరు నుంచి వస్తుంటే, ఆ కండక్టరు ఊరి పేరు చెప్పకుండా, "ఐసు డిపో దిగేవాళ్ళు రండి, ఐసు డిపో" అని అరిచాడు. యెహోషువ లేవలేదు.

"పెద్దాయనా, ఐసు డిపో మీది గాదా?"

"మాది మొగలిదిబ్బ."

"అదే గదా ఐసు డిపో అంటే. దిగు, దిగు."

అంటే ఇక ఊరికి కూడా వాడి పేరే. తాత ముత్తాతలు పుట్టి పెరిగిన ఊరు పోయి తమ్ముడి ఐసు మిగిలింది. ఆ రాత్రి ఆయనకు అన్నం దిగలేదు. మర్నాడు పోయి తెల్ల కాగితాలు కొనుక్కొచ్చి, రెబెక్కమ్మ స్త్రీల కూడికకు పోయిన సమయం చూసి, ఎడమ చేత్తో కలెక్టరు గారికి ఆకాశరామన్న ఉత్తరం రాశాడు. ఈశాన్యం మూల రాయి అసలు చోట లేదనీ, రాయిని నమ్మి కొలవవద్దనీ, ఉపగ్రహాలతో కొలిచే కొత్త యంత్రం తెచ్చి కొలవమనీ రాసి, కింద 'గ్రామ ప్రజలు' అని పెట్టాడు. పోస్టు డబ్బాలో వేసి వచ్చాక వారం రోజులు ఎంత హుషారుగా ఉన్నాడంటే, రెబెక్కమ్మకు అనుమానం వచ్చి నుదురు మీద చెయ్యి పెట్టి చూసింది.

నెల తిరక్కుండా నోటీసులు వచ్చాయి. ఒక బుధవారం పొద్దున మండల సర్వేయరు అబిగయీలు జీపు దిగింది. ముప్పై ఏళ్ళు ఉంటాయేమో, నెత్తిన టోపీ, మెడలో గుర్తింపు కార్డు, చేతిలో నిలువెత్తు కర్ర, దాని తలమీద తెల్లటి గిన్నె బోర్లించినట్టు ఒక పరికరం. రోవరు అంటారట. పంచాయతీ కార్యదర్శి వచ్చాడు. ఊరు సగం వచ్చింది. యెహోషువ అందరికంటే వెనక, సరుగుడు చెట్టు నీడలో నిలబడ్డాడు. ఆ రోజు మొహం మీద ఎలాంటి జాలి పెట్టుకోవాలో కూడా ముందే అనుకొని వచ్చాడు.

సర్వేయరమ్మ రాయి జోలికే పోలేదు. దూరంగా మూడు ఊళ్ళు కలిసే చోటి నుంచి మొదలుపెట్టి, రోడ్డు వెంట అక్కడక్కడ కర్ర నిలబెట్టుకుంటూ, చేతిలోని తెర చూసుకుంటూ వచ్చింది. గంటన్నర తర్వాత డిపో పక్కన ఖాళీ జాగాలో ఆగి, కర్ర గుచ్చి, అక్కడ సున్నంతో గుర్తు వేయించింది.

"హద్దు ఇదండీ. రాయి ఇక్కడ ఉండాలి. ఇరవై అడుగులు డొంకలోకి పోయింది."

కిషోర్ బాబు రాయి వైపు చెయ్యి చూపించాడు. "రాయి ఉండాది గదమ్మా! రాయి కంటే మీ కర్ర ఎక్కువా?"

"కర్ర కాదు సార్, కొలతల పుస్తకం. పుస్తకంలో ఎక్కడుందో కర్ర అదే చూపిస్తుంది."

కార్యదర్శి గొంతు సవరించుకున్నాడు. రెండు వానకాలాలు మాటలు పడ్డవాడు, ఇప్పుడు ఆయన వంతు. "డిపోలో ముందు సగం పంచాయతీ డొంకలో ఉంది. అది తియ్యాల్సిందే. అదీగాక, సర్వే రాయి జరపడం నేరం. రాయి ఎవరికి లాభంగా జరిగిందో వాళ్ళ మీదే కేసు పోతుంది కిషోర్ బాబు గారూ."

డిపో ముందు సగం అంటే ఐసు కొట్టే మిషను, లారీలు ఎక్కించే అరుగు. అది పోతే వ్యాపారం సగం పోతుంది. కానీ కిషోర్ బాబుకు ఆ ముక్క చెవికెక్కినట్టు లేదు. కేసు అన్న మాట దగ్గరే ఆగిపోయాడు.

"నేను జరిపినానా? నేనా?" జనంలోకి చూస్తూ వెతికాడు. "మా అన్నను అడగండి. పంచింది ఆయనే. అన్నా, ఇట్ట రాన్నా! ఆయన నోట అబద్ధం రాదు. రాయి ఆ పొద్దు ఆడనే ఉన్నిందని ఆయన చెప్తే చాలు, నేను జరపలేదని తెలిసిపోతుంది."

జనం పాయగా విడిపోయి దారి ఇచ్చారు. యెహోషువ తేలు కుట్టిన దొంగలా ముందుకు వచ్చాడు. ఈ రోజు గురించి ఆయన ఎన్నో ఊహించుకున్నాడు గానీ, తనను సాక్షిగా పిలుస్తారని ఊహించలేదు. ఉందని చెప్తే తమ్ముడు బయటపడతాడు. ఉందని చెప్పడం అబద్ధం కూడా కాదు, పంచేనాటికి రాయి అక్కడే ఉంది, తానే పెట్టాడు. ఒక్క మాట. ఆ ఒక్క మాట నోటి దాకా వచ్చి, తమ్ముడి నల్లటి జుట్టు చూసి వెనక్కి పోయింది.

"నాకు సరిగ్గా గుర్తు లేదబ్బయ్యా. ముప్పై ఏండ్లాయె గదా."

కిషోర్ బాబు తల వంచుకొని ఒక అడుగు వెనక్కి వేశాడు. అతని భార్య ఫేబీ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. యెహోషువకు సంతోషం కలిగింది. దాచడం ఎందుకు, నిజంగానే కలిగింది. ఇరవై నాలుగేళ్ళలో మొదటిసారి కడుపులో మంట చల్లారినట్టు అనిపించింది. అక్కడితో ఆయన ఇంటికి పోయి ఉంటే కథ అంతటితో ముగిసేది.

పోలేరయ్య నోరు తెరిచాడు. ఎనభై ఏళ్ళ గొర్రెల కాపరి, ఊళ్ళో ఎవరినైనా ఏమైనా అనగలిగిన మనిషి. కర్ర మీద గడ్డం ఆనించి ఇందాకటి నుంచి సున్నపు గుర్తునూ రాయినీ మార్చి మార్చి చూస్తున్నాడు. ఉన్నట్టుండి పకపకా నవ్వాడు.

"ఓరి నీ బుర్ర బంగారంగానూ! కిషోరూ, ఎంత పని చేసినావురా! రోడ్డు కలలో గూడా లేని పొద్దు ముందుగానే పసిగట్టి రాయి జరిపినావంటే, నువ్వు ఐసు కొట్టాల్సినోడివి కాదురా, కలెక్టరు కావాల్సినోడివి!"

జనంలో నవ్వు లేచింది. అది ఎగతాళి నవ్వు కాదు. సర్కారును ముప్పై ఏళ్ళు బోల్తా కొట్టించిన మనిషిని చూసి ఊరు మెచ్చుకొని నవ్వే నవ్వు. "అవును, మూడుసార్లు సర్వేయర్లు వచ్చి గూడా కనిపెట్టలా" అన్నారు ఎవరో. "చదువు లేకపోయినా తెలివి ఉండాదబ్బా" అన్నారు ఇంకెవరో. కిషోర్ బాబు కాదు కాదని చేతులు ఊపుతున్నా ఎవరూ వినడం లేదు.

పోలేరయ్య కర్రతో యెహోషువను చూపిస్తూ కిషోర్ బాబుతో అన్నాడు. "మీ అన్నా ఉండాడు, ఏం లాభం? నలభై ఏండ్లు తాళ్ళు పట్టి కొలిచినాడు. సర్కారోళ్ళ జాగా జానెడు కొట్టేసే తెలివి ఆయనకు యాడుంది? పాపం, ఆయనది ఉప్పు బుర్ర."

యెహోషువ జనంలోకి ఒక అడుగు వేశాడు. మిద్దె వాడిది. రోడ్డు వాడిది. బస్సు స్టాపు వాడిది. రాకెట్టు వాడిది. చివరికి ఇది కూడా వాడిదేనా? బతుకంతటిలో తాను చేసిన తెలివైన పని ఇదొక్కటి. కట్టుకున్న పెళ్ళానికి కూడా చెప్పుకోలేక కడుపులో దాచుకున్న పని. దాన్ని కూడా తీసుకుపోయి, ఏమీ తెలియని ఆ వెధవ మెడలో దండ వేస్తున్నారే!

"వాడికేం తెలుసురా!" అని అరిచాడు. "ఆ రాయి జరిపింది నేను!"

నవ్వు ఆగిపోయింది. ఎవరో పిల్లవాడి నోరు మూశారు. ఆయన అక్కడైనా ఆగి ఉండాల్సింది. ఆగలేదు.

"మంచి శుక్రవారం నాడు మీరంతా చర్చిలో ఉండారు. నేను ఒక్కణ్ణే పెకిలించి, ఒక్కణ్ణే మోసి, ఒక్కణ్ణే పాతినా. మీదట మట్టి కప్పి కంప లాగినా. ముప్పై ఏండ్లలో ఒక్కడు కనిపెట్టినాడా? నాది ఉప్పు బుర్రా, పోలేరయ్యా? కావాలంటే ఆడ సున్నం ఏసినారే, తవ్వి చూడండి. రాయి కింద గుర్తుకు మా తాత బొగ్గులు పోయించినాడు. బొగ్గులు నేను తియ్యలా."

కిషోర్ బాబే డిపోలోకి పోయి గడ్డపార తెచ్చాడు. స్టెంటు వేసిన మనిషి వద్దని ఫేబీ చెయ్యి పట్టుకుంటే విడిపించుకొని, సున్నపు గుర్తు మీద తానే తవ్వాడు. మోకాలి లోతున ఇసక నల్లబడింది. ఇంకాస్త తవ్వేసరికి గుప్పెడు బొగ్గులు తడితడిగా చేతికి వచ్చాయి. సర్వేయరమ్మ వంగి చూసి, ఫోటో తీసుకొని, జీపు బానెట్టు మీద కాగితం పెట్టుకొని యెహోషువ చెప్పింది చెప్పినట్టు రాసుకుంది. ఆయన సంతకం పెట్టాడు. కేసు కిషోర్ బాబు మీద ఉండదనీ, ముసలాయన సంగతి తహసీల్దారు గారు చూస్తారనీ, డిపో ముందు సగం మాత్రం తియ్యక తప్పదనీ కార్యదర్శి చెప్పాడు.

కిషోర్ బాబు ఆ గుంట అంచునే కూర్చున్నాడు. చేతిలో బొగ్గులు అలాగే ఉన్నాయి.

"ఎందుకు జరిపినావన్నా?"

యెహోషువ గొంతులో ఇందాకటి జోరు లేదు. "నాకు బావి కావాల. నువ్వు తూర్పు కోరుకోవాల."

"ఎక్కువ చూపిస్తే ఎగబడతాననుకున్నావు."

"ఎగబడినావు గదా."

"ఎగబడినా," అన్నాడు కిషోర్ బాబు. "నిజమే."

అప్పుడు ఫేబీ ముందుకు వచ్చింది. బావగారి ఎదుట ఎన్నడూ గొంతు ఎత్తని మనిషి. "బావా, మీకు తెలుసో లేదో. అన్న ధర్మంగా ముందర పెడితే నేను ఆశపడి ఎక్కువది లాక్కున్నాను, తోడబుట్టినోడికి తక్కువ మిగిల్చినాను అని ఈ మనిషి ముప్పై ఏండ్లుగా ఏడుస్తాండాడు. పెండ్లయిన మూడో రోజు నాకు చెప్పిన మొదటి మాట అదే. మీ ముందర కూర్చోడు. మీ మొహం చూడడు. ప్రతి శనివారం మేలైన చేపలు మీకు తీసినాకనే లారీ కదలాల. మా పిల్లోళ్ళు అడిగినా ఇయ్యడు. అవి అన్న భూమిలో పండినవి అంటాడు. ఆ ఏడు సెంట్లు ఈయన్ను తినేసినాయి బావా. అవి లేనే లేవంట ఇప్పుడు!"

యెహోషువ ఫేబీ వైపు నుంచి తమ్ముడి వైపు తిరిగాడు. చర్చిలో తల వంచుకొని తప్పుకున్న తమ్ముడు గుర్తొచ్చాడు. తన ఎదుట నిలబడే మాట్లాడిన తమ్ముడు గుర్తొచ్చాడు. పొగరనుకున్నాడు, నాటకమనుకున్నాడు. వెనక నుంచి రెబెక్కమ్మ వచ్చి ఆయన్ను దాటి పోయి, ఫేబీ పక్కన నిలబడింది. మొగుడి వైపు చూడలేదు.

కిషోర్ బాబు బొగ్గులు గుంటలో పారేసి, చేతులు దులుపుకొని లేచాడు. సర్వేయరమ్మ దగ్గరికి పోయాడు.

"అమ్మా, పంపకం కాగితంలో నాకు నూటేడు సెంట్లు అని రాసుండాది. ఈ మూల పోతే నాకు నూరే మిగులుతుంది. నా నూటేడు నాకు కొలవాల. తూర్పున లేకపోతే పడమరలో కొలవండి."

అబిగయీలు ఇద్దరినీ చూసింది. "మీ ఇద్దరి నడుమ గట్టును పొడవునా పది అడుగులు పడమటికి జరపాలి సార్. అది మీరూ, మీ అన్న గారూ ఒప్పుకుంటేనే నేను కొలవగలను. లేదంటే కోర్టుకు పోవాలి."

అందరూ యెహోషువ వైపు చూశారు. బావికి బదులు ఏడు సెంట్లని ఇదే జనం ముందు చెప్పిన నోరు. ఆ కాగితం మీద ఉన్నది ఆయన సంతకం.

"కొలవండి," అన్నాడు.

సర్వేయరమ్మ జీపులో నుంచి టేపు తెప్పించింది. రెండు భాగాల నడుమ ఉన్న గట్టు దగ్గరికి అందరూ నడిచారు. ఎండ నడినెత్తికి వచ్చింది. యెహోషువ తమ్ముణ్ణే చూస్తున్నాడు. వాడు తన ముందు ఒక్కసారైనా తల దించుకోవాలని కదా ఇన్నేళ్ళూ కుళ్ళిపోయింది. వాడు దించుకొనే ఉన్నాడు. ముప్పై ఏళ్ళూ, ప్రతి రోజూ, కళ్ళెదుటే దించుకొని ఉన్నాడు. మిద్దెను చూసి ఏడ్చినవాడికి మనిషి కనపడలేదు. ఇప్పుడు కిషోర్ బాబు తల ఎత్తి, సూటిగా ఆయన కళ్ళలోకి చూస్తూ టేపు కొస చాచాడు.

"యెహోషువ గారూ, ఇది పట్టుకోండి."

యెహోషువ వంగి గట్టు మీద మోకాలు ఆనించి, టేపు కొస పట్టుకున్నాడు. తమ్ముడు రెండో కొస తీసుకొని ఆయన భూమిలోకి నడిచాడు.